పల్నాటి పుల్లరి వీరుడు కన్నెగంటి హనుమంతు

పల్నాడనగానే నాగులేరు, కారెంపూడి రణభూమి, బ్రహ్మనాయుడు, బాలచంద్రుడు జ్ఞప్తికి వచ్చుట సహజము. ఆ వీరగాథ జరిగిన కొన్ని శతాబ్దముల పిమ్మట ఈ గడ్డపైననే మరియొక వీరుడు నేలకొరిగెను. పశువుల మేత కొరకును, రైతు మర్యాద కొరకును ప్రాణము లర్పించిన ఆ మహనీయుడే కన్నెగంటి హనుమంతు.

హనుమంతు పందొమ్మిదవ శతాబ్ది ఉత్తరార్ధమున, నేడు దుర్గి మండలమున నున్న మించాలపాడు గ్రామములో రైతు కుటుంబమున జన్మించెను. ఆయన సహధర్మచారిణి గంగమ్మ. రాతినేలలు, చాలీచాలని వానలు గల ఈ సీమలో రైతునకు సేద్యముతోపాటు పశువులే జీవనాధారము. పశువులకు అడవియే ఆధారము. 1882 నాటి మద్రాసు అటవీ చట్టముతో అడవులపై సర్కారు పట్టు బిగిసెను. తలకింతయని పుల్లరి చెల్లించినగాని పశువు అడవిలో అడుగిడరాదు. చెల్లింపని రైతు పశువులకు బందెలదొడ్డియే గతి.

1921లో సహాయనిరాకరణోద్యమము దేశమంతట వ్యాపించెను. నాటి గుంటూరు జిల్లాలో చీరాల పేరాల ప్రజలు దుగ్గిరాల గోపాలకృష్ణయ్యగారి నాయకత్వమున ఊరు విడిచి రామనగరమున పాకలు వేసికొనిరి. పెదనందిపాడు ప్రాంత రైతులు పర్వతనేని వీరయ్యచౌదరిగారి వెంట నడచి శిస్తు నిరాకరించిరి. పల్నాట పుల్లరి నిరాకరణ ప్రజ్వరిల్లెను. ఉన్నవ లక్ష్మీనారాయణ పంతులుగారు ఈ యుద్యమ సందర్భముననే కారాగారమున కేగిరి.

మించాలపాడున హనుమంతు ప్రజలను కూడగట్టి పుల్లరి కట్టరాదని నిలిచెను. వసూలుకు వచ్చిన ఉద్యోగులకు ఊరి సాయ మందలేదు. 1922 ఫిబ్రవరిలో చౌరీచౌరా ఘటన జరుగగా, గాంధీమహాత్ముడు ఉద్యమమును నిలిపివేసెను. ఆ మాసముననే, రూథర్‌ఫర్డు జిల్లా కలెక్టరుగా నున్న కాలమున, పోలీసులు మించాలపాడుపై కాల్పులు జరిపిరి. హనుమంతు ఆ తూటాలకు బలియయ్యెను.

వీరుని కథ అచ్చటితో ముగియును; వీరుని ఇంటివారి కథ అచ్చట ఆరంభమగును. కేంద్రప్రభుత్వము సమరయోధుల పింఛను పథకమును 1972 ఆగస్టు 15న, స్వాతంత్ర్య రజతోత్సవ సందర్భమున ప్రారంభించెను. అప్పుడు యోధునకు నెలకు 200 రూపాయలు. ఏడాదికి 5,000 రూపాయలు మించి ఆదాయము గలవారు అనర్హులను నియమమును 1980 ఆగస్టు 1 నుండి తొలగించిరి. సామాన్యముగా ఆరు మాసములు జైలులో నున్నవారు అర్హులు. కాల్పులలో మరణించినవారి కుటుంబములకును ఇందు చోటు కలదు. అయితే కుటుంబ మనగా భార్య, అవివాహితలైన కుమార్తెలు, తల్లిదండ్రులు మాత్రమే. కుమారులకు గాని, మనుమలకు గాని ఈ హక్కు లేదు.

1922 నుండి 1972 వరకు ఏబది యేండ్లు. నాడు ఇరువదేండ్ల ప్రాయమున భర్తను కోల్పోయిన ఇల్లాలు పథకము వచ్చునాటికి డెబ్బది యేండ్ల వృద్ధురాలు. తల్లిదండ్రులు బ్రతికియుందురను ఆశయే లేదు. జైలు రికార్డు లభింపనిచో తోటి ఖైదీయైన సమరయోధుడు ధ్రువపత్ర మీయవలెను. ఆ తోటివాడును గతించినచో సాక్షి యెవడు? తాతగారు జైలుకు పోయెనని ఊరెల్ల ఎరిగియున్నను, కాగితము లేనందున అర్జీలు నిలిచిపోవుట కలదు. పింఛను త్యాగమునకు వెల కాదు. కాని తిండిగింజలకు కరవైన ముసలితల్లికి అది ఆసరా. ఆమె ఇంటివాని త్యాగమును దేశము గుర్తించినదనుటకు గురుతు.

2022 ఏప్రిల్ 4న నరసరావుపేట ముఖ్యపట్టణముగా పల్నాడు జిల్లా ఏర్పడెను. హనుమంతు మరణించి నూరేండ్లు నిండిన సంవత్సరమును అదియే. గ్రంథాలయ మనగా పుస్తకముల బీరువా మాత్రమే కాదు, ఊరి జ్ఞాపకశాల కూడ. మన యిండ్ల పెట్టెలలో నున్న జైలు పత్రములు, కోర్టు తీర్పులు, పాత ఉత్తరములు, ఛాయాచిత్రములు చెదలపాలు కాకమునుపే వాని ప్రతులను గ్రంథాలయమున భద్రపరుపవలెను. పెద్దలు చెప్పు సంగతులను యువకులు వ్రాసిపెట్టవలెను. పుల్లరి కట్టనని ప్రాణ మిచ్చిన హనుమంతునకు మనము చెల్లింపదగిన ఋణ మదియే.