రాజనాల కాళేశ్వరరావు

రాజనాల కాళేశ్వరరావు (జనవరి 3, 1925 - మే 21, 1998) తెలుగు సినిమా నటుడు. రాజనాలగా సుప్రసిద్ధుడు. ప్రధానంగా జానపద, పౌరాణిక చిత్రాలలో ప్రతినాయక పాత్రలు ధరించి మూడు దశాబ్దాలకు పైగా ప్రేక్షకుల మనసుల్లో నిలిచిపోయాడు.

తొలి జీవితం, నాటకరంగం

రాజనాల నెల్లూరు జిల్లా కావలిలో జన్మించాడు. ఇంటర్మీడియట్ వరకు చదివి, నెల్లూరు కలెక్టరు కార్యాలయంలో గుమాస్తాగా చేరాడు. తరువాత రెవెన్యూ ఇన్‌స్పెక్టరు అయ్యాడు. పగలు కచేరీ దస్త్రాలు, సాయంత్రం నాటకాల రిహార్సళ్ళు. మిత్రుడు లక్ష్మీకుమార్ రెడ్డితో కలిసి నాటక సమాజాన్ని నడిపాడు. అదే జిల్లాకు చెందిన ఆచార్య ఆత్రేయ అప్పటికి సాంఘిక నాటకకర్తగా పేరు తెచ్చుకుంటున్నాడు. ఆత్రేయ రాసిన "ఎవరు దొంగ" నాటకాన్ని ఈ సమాజం ప్రదర్శించింది.

రెవెన్యూ శాఖలోని అవినీతిని ఎండగట్టిన నాటకమది. ఆ శాఖలో ఉద్యోగం చేస్తున్న వ్యక్తే రంగస్థలం మీద నిలబడి దానిని ఆడడం పై అధికారులకు రుచించలేదు. కలెక్టరు అతనిని మూడు నెలలపాటు సస్పెండు చేశాడు. నెల జీతం మీద బతికే చిరుద్యోగికి అది చిన్న శిక్ష కాదు. అయినా రాజనాల నాటకాలు మానలేదు. చివరకు మానినది ఉద్యోగమే.

సినీ జీవితం

నెల్లూరు అప్పటికి ఉమ్మడి మద్రాసు రాష్ట్రంలోనిది. తెలుగు సినిమా నిర్మాణమంతా మద్రాసులోనే జరిగేది. ముందుగా అక్కడికి చేరిన లక్ష్మీకుమార్ రెడ్డి, రాజనాలను పిలిపించి హెచ్.ఎం.రెడ్డికి పరిచయం చేశాడు. తొలి తెలుగు టాకీ "భక్త ప్రహ్లాద" (1932) దర్శకుడైన రెడ్డి తాను నిర్మించిన "ప్రతిజ్ఞ" (1953)లో అతనికి ప్రతినాయక పాత్రనిచ్చాడు. అందులో కథానాయకుడు కాంతారావు. ఇద్దరికీ దారి చూపిన చిత్రమిది. ఆ తరువాత వీరిద్దరూ ఎన్నో జానపద చిత్రాలలో ఎదురెదురుగా కత్తులు దూశారు.

ప్రతినాయకుడిగా పేరుపొందిన ఆర్.నాగేశ్వరరావు అకాల మరణం తరువాత ఆ స్థానం చాలావరకు రాజనాలదే అయింది. భారీ విగ్రహం, ఉరిమే చూపు, గంభీరమైన కంఠం, అన్నిటికీ మించి వికటాట్టహాసం అతని ఆయుధాలు. "గులేబకావళి కథ" (1962)లో వక్రకేతుగా కనిపించాడు. బి.విఠలాచార్య తీసిన "బందిపోటు" (1963), "అగ్గిపిడుగు" (1964) చిత్రాలలో ఎన్.టి.రామారావుకు దీటైన ప్రత్యర్థిగా నిలిచాడు.

అయితే అతని ప్రతిభకు ఎక్కువ సాక్ష్యమిచ్చేది "జగదేకవీరుని కథ" (1961)లోని త్రిశోకానంద మహారాజు పాత్ర. పరస్త్రీల మీద మోజుతో మంత్రి బాదరాయణుడు (సి.ఎస్.ఆర్. ఆంజనేయులు) చెప్పినట్లల్లా ఆడే ఈ రాజు దుర్మార్గుడే, కానీ హాస్యాస్పదుడు. ఇద్దరి మంత్రాంగ సన్నివేశాలను ప్రేక్షకులు నవ్వుతూనే చూస్తారు. అరుపులతో భయపెట్టడమే ప్రతినాయకత్వం అనుకునే రోజుల్లో, ఆ పాత్రలోని మూర్ఖత్వాన్ని పైకి తెచ్చి చూపించాడు. "గుండమ్మ కథ" (1962)లో భూపతి వంటి సాంఘిక పాత్రలు కూడా చేశాడు గానీ, ఆ రంగంలో అతనికి దక్కినవి తక్కువే.

అవకాశాలు తగ్గడం

1970వ దశకంలో జానపదాల జోరు తగ్గింది. కోటలూ కత్తులూ పోయి పల్లెటూరి పెత్తందారులు, పట్నపు మోసగాళ్ళు వచ్చారు. నాగభూషణం, కైకాల సత్యనారాయణ, ఆపై "ముత్యాల ముగ్గు" (1975)తో రావు గోపాలరావు ఆ పాత్రలకు కొత్త వాడుక తెచ్చారు. వీరు మెత్తగా మాట్లాడుతూ కుట్ర పన్నేవారు. ఎత్తైన స్వరంలో సంభాషణ పలికే రాజనాల శైలికి చోటు తగ్గిపోయింది. ఒకప్పుడు తీరిక లేని నటుడు క్రమంగా ఆర్థిక ఇబ్బందుల పాలయ్యాడు.

చివరి సంవత్సరాలు

వృద్ధాప్యంలోనూ వచ్చిన చిన్న పాత్రలను కాదనలేదు. 1995లో ఒక చిత్రం షూటింగులో కాలికి గాయమైంది. మధుమేహం వల్ల అది మానకపోవడంతో కాలు తీసివేయవలసి వచ్చింది. 1998 మే 21న రాజనాల మరణించాడు.