పాలకుర్తి ఐలమ్మ

పాలకుర్తి పేరు వినగానే సాహిత్యప్రియులకు సోమనాథ కవి స్మరణకు వస్తాడు. నేటి జనగామ జిల్లాలోని ఆ గ్రామానికే మరొక విధమైన కీర్తి తెచ్చినది చాకిరేవును నమ్ముకొన్న ఒక శ్రామిక స్త్రీ. ఆమె పేరు చిట్యాల ఐలమ్మ; కులవృత్తిని బట్టి లోకం ఆమెను చాకలి ఐలమ్మ అన్నది.

కృష్ణాపురంలో పుట్టి, నరసింహను పెండ్లాడిన ఐలమ్మకు నలుగురు కొడుకులు, ఒక కూతురు. ఊరివారి బట్టలుతికి, ఇల్లిల్లూ తిరిగి తెచ్చుకొనే అన్నమూ, కళ్లంలో కొలిచి ఇచ్చే గింజలూ ఆనాటి చాకలి కుటుంబాలకు జీతం. దొర గడీలో చేసే చాకిరికి ఆ ప్రతిఫలం కూడా లేదు. దానికే వెట్టి అని పేరు. రష్యాలో భూదాస్యం 1861లోనే చట్టరీత్యా రద్దయింది. నిజాం రాజ్యంలోని తెలంగాణ పల్లెలలో ఆ తరువాత ఎనుబదేండ్లకు కూడా వెట్టి సాగుతూనే ఉన్నది.

ఇంటిల్లిపాదీ కష్టించినా కడుపు నిండని ఆ బ్రతుకు నుండి బయటపడాలని ఐలమ్మ సేద్యానికి పూనుకొన్నది. మల్లంపల్లి భూస్వామి వద్ద కౌలుకు తీసుకొన్న భూమిలో నాలుగెకరాలు సాగుకు తెచ్చింది. ఆంధ్ర మహాసభలోనూ చేరింది. సంఘంలో చేరిన చాకలి స్త్రీ స్వతంత్రంగా పంట తీయడం విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డికి కంటగింపయింది.

1940ల నడుమ, కోతకు వచ్చిన ఆ పంటను స్వాధీనం చేసుకొనుటకు దేశ్‌ముఖ్ తన మనుషులను పంపాడు. సంఘం వలంటీర్లు కర్రలు చేతబట్టి ఐలమ్మకు బాసటగా నిలిచారు. వచ్చినవారు వెనుదిరిగారు, ధాన్యం ఐలమ్మ ఇల్లు చేరింది. ఆ కక్ష తరువాత కుటుంబం మీద విరుచుకుపడింది. కేసులు పెట్టారు, ఇంటికి నిప్పుపెట్టారు. అయినా ఆమె భూమిని విడువలేదు.

1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య దొర మనుషుల తుపాకిగుండ్లకు బలికావడంతో ఉద్యమం ఊరూరా వ్యాపించింది. 1948 సెప్టెంబరులో నిజాం పాలన ముగిసింది. 1950లో హైదరాబాదు రాష్ట్రంలో కౌలుదారుల రక్షణకు చట్టం వచ్చింది. శాసనం అప్పుడు గుర్తించిన హక్కును ఐలమ్మ అంతకుముందే తన పొలంలో నిలబెట్టుకొన్నది.

1985 సెప్టెంబరు 10న ఐలమ్మ కన్నుమూసింది. 2024లో హైదరాబాదు కోఠీలోని మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరు పెట్టారు. ఆ పోరాటాన్ని విద్యార్థులకు బోధించేటప్పుడు నాయకుల పేర్లతోపాటు ఆ నాలుగెకరాల సంగతి కూడా చెప్పవలసి ఉన్నది. అక్కడ పణంగా నిలిచినది ఒక శ్రామిక కుటుంబపు ఏడాది తిండి.