పిఠాపురం నాగేశ్వరరావు: హాస్యగీతాల గాయకుడు

పిఠాపురం అన్న మాట తెలుగువారికి రెండు విధాలుగా పరిచితం. పాదగయా క్షేత్రంగా, కుక్కుటేశ్వరస్వామి, పురుహూతికాదేవి వెలసిన పుణ్యస్థలంగా, సూర్యరాయాంధ్ర నిఘంటువును వెలువరింపజేసిన సంస్థానానికి రాజధానిగా ఆ పట్టణం పండితులకూ యాత్రికులకూ తెలుసు. పండితులు కాని లక్షలాది జనానికి మాత్రం అది ఒక మనిషి పేరు. గ్రామఫోను రికార్డు మీదా, సినిమాహాలు వాకిట అమ్మే పాటల పుస్తకంలోనూ, మాధవపెద్ది అన్న పేరు ప్రక్కన, ముందూ వెనుకా మరేమీ లేకుండా, పిఠాపురం అని అచ్చువేసేవారు. ఆయన ఇంటిపేరు అది కాదు. అసలు ఇంటిపేరు మరుగున పడిపోయింది. కొంతకాలానికి నాగేశ్వరరావు అన్న పేరు సైతం దాని వెంటనే పోయింది. మిగిలినది ఊరి పేరు ఒక్కటే.

ఆయన 1930 మే 5వ తేదీన పిఠాపురంలో జన్మించారు. ఆనాటి పిఠాపురంలో సంగీత సాహిత్యాలకు రెండు కొలువులుండేవి. ఒకటి కోటలో. మహారాజా రావు వేంకట కుమార మహీపతి సూర్యారావు బహద్దరు ఆస్థానంలో వైణిక శిఖామణి తుమరాడ సంగమేశ్వరశాస్త్రి ఉండేవారు. 1918లో రవీంద్రనాథ ఠాకూరు పిఠాపురం వచ్చి ఆయన వీణ విని పరవశించి శాంతినికేతనానికి ఆహ్వానించిన ఉదంతం సుప్రసిద్ధం. శాస్త్రిగారు 1932లో దివంగతులైనారు. అప్పటికి నాగేశ్వరరావు రెండేళ్ల పసివాడు. సాక్షి వ్యాసకర్త, కంఠాభరణ నాటక కర్త పానుగంటి లక్ష్మీనరసింహారావు ఆ సంస్థానంలోనే కవిగా ఉండి 1940లో కన్నుమూశారు.

రెండవ కొలువు వీధిలో. అది తాటాకు పందిరి, నాలుగు పెట్రోమాక్సు దీపాలు, ఒక హార్మోనియం, ఒక తబలా. కోటలోని వీణ వినటానికి అర్హత కావలసి వచ్చేది. పందిట్లోని పద్యం వినటానికి చాప ఒక్కటి తెచ్చుకుంటే చాలు. నాగేశ్వరరావు ఈ రెండవ కొలువుకు చెందినవారు. తండ్రి పౌరాణిక నాటకాలలో వేషాలు ధరించిన నటుడు. ఆ ఇంట పిల్లవానికి అక్షరాభ్యాసంతోపాటే పద్యాభ్యాసమూ జరిగిందనవచ్చు.

పద్యనాటకం ఎటువంటి పాఠశాలో కొంచెం చెప్పుకోవాలి. తిరుపతి వేంకటకవుల భారత నాటకాలూ, బలిజేపల్లివారి హరిశ్చంద్రా రాత్రి పదింటికి ఆరంభమైతే తెల్లవారు జామున కోడికూతకు గాని ముగిసేవి కావు. మైకు అన్నది చాలా ఊళ్లకు ఇంకా రాలేదు. పందిరి చివర, చెట్టు మొదట కూర్చున్న రైతుకు సైతం పద్యంలోని ప్రతి మాటా విస్పష్టంగా అందాలి. అందకపోతే అతడు ఈలవేసి ఆ సంగతి తెలియజేస్తాడు. అందిందంటే వన్సుమోరు. అందుచేత నటుడు శ్రుతి హెచ్చించి, గుండెల నిండా ఊపిరి పట్టి, పద్యం చివర రాగాన్ని ఆకాశానికి ఎత్తి, తిరిగి నేలకు దింపకతప్పదు. పాడుతూనే నటించాలి, కోపం, శోకం, వెటకారం అన్నీ గొంతులోనే పలకాలి. ముఖానికి పూసిన రంగు దూరాన ఉన్నవారికి కనబడదు. పాటలో నటించే ఈ విద్యే నాగేశ్వరరావుకు జీవితాంతం అన్నం పెట్టింది. ఆయన చుట్టూ గిరిగీసి అందులోనే నిలబెట్టినదీ ఆ విద్యే.

1946లో, పదహారేళ్ల ప్రాయంలో, ఆయన మద్రాసు చేరుకున్నారు. హౌరా మద్రాసు రైలుమార్గం పిఠాపురం మీదుగానే పోతుంది. ఆనాటి గోదావరి మండలపు కళాకారులలో అదృష్టం వెదుక్కోదలచినవారందరూ ఎక్కిన రైలు అదే. ఆ సంవత్సరమే మంగళసూత్రం చిత్రంలో తొలిసారి ఆయన గొంతు వినిపించింది.

అది తెలుగు చిత్రసీమలో ఒక సంధికాలం. అంతకు పూర్వం పాడగలిగినవారే నటులు. నాగయ్య పాడి నటించారు. భానుమతి పాడి నటించారు. 1944లో తహసీల్దార్ చిత్రంలో ఎం. ఎస్. రామారావు మరొకరి కోసం పాడటంతో నేపథ్యగానమనే వృత్తికి తెలుగులో నాంది జరిగింది. 1945లో స్వర్గసీమ ద్వారా ఘంటసాల వెంకటేశ్వరరావు ప్రవేశించారు. నటనకూ గానానికీ లంకె తెగిపోయింది. అందగాడు కావలసిన చోట అందగాడినీ, గొంతు కావలసిన చోట గొంతునూ వేరువేరుగా తెచ్చుకునే వీలు నిర్మాతలకు కలిగింది. రంగస్థలం నుంచి వచ్చిన యువకునికి ఇది వరం. కాని ఈ వరంలో ఒక మెలిక ఉంది. నేపథ్యగాయకునికి స్వంత ముఖం ఉండదు. తెర మీద ఎవరి ముఖం దొరికితే ఆ ముఖమే అతని భాగ్యం.

ఆ ముఖాల పంపకం ఒక పదేళ్లలో స్థిరపడిపోయింది. ఎన్. టి. రామారావు, అక్కినేని నాగేశ్వరరావులిద్దరికీ ఘంటసాల గొంతు అమరింది. గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరు నుంచి వచ్చిన మాధవపెద్ది సత్యానికి ఎస్. వి. రంగారావు దొరికారు, 1957లో మాయాబజార్‌లోని ఘటోత్కచుని భోజనపు పాటతో ఆ గొంతూ ఆ విగ్రహమూ ఏకమైపోయాయి. పిఠాపురానికి పది పన్నెండు మైళ్ల దూరంలోని కాకినాడలో, నాగేశ్వరరావు పుట్టిన 1930లోనే పుట్టిన పి. బి. శ్రీనివాస్‌కు కన్నడదేశంలో రాజకుమార్ లభించారు. ఆ నటుని కంఠంగా కన్నడిగులు ఆయనను తమవానినిగానే చేసుకున్నారు. ఇరుగుపొరుగు ఊళ్లలో ఒకే ఏడు పుట్టిన ఇద్దరు గాయకుల జీవితాలు ఇంత భిన్నంగా నడవటానికి కంఠాల తారతమ్యమొక్కటే కారణమనలేము. నాగేశ్వరరావుకు స్థిరమైన ముఖం ఏదీ దొరకలేదు. ఆయన వాటాకు వచ్చినది ఒక నటుడు కాదు, ఒక రసం. హాస్యం.

హాస్యగీతం అంటే చులకన భావం పండితులలో ఆనాడూ ఉంది, తరువాతా ఉంది. ఆ చులకన వట్టి అవివేకం. విషాద గీతంలో స్వరం ఒకింత జారినా ఆర్తి అనుకుని శ్రోత మన్నిస్తాడు. హాస్యగీతంలో మాట అరక్షణం ఆలస్యమైతే నవ్వు పుట్టదు. పైగా ఆ రోజుల్లో ధ్వనిముద్రణ విధానం వేరు. గాయకులూ వాద్యబృందమూ ఒకే గదిలో నిలిచి పాట మొదటినుంచి చివరిదాకా ఒక్క ఊపున పూర్తిచేయాలి. ఇద్దరు గాయకులకు మైకు ఒకటే. ఎవరి వంతు వచ్చినప్పుడు వారు అడుగు ముందుకు వేయాలి, రెండవవారు అడుగు వెనక్కు తీయాలి. ఒకరు తడబడితే వయొలిన్లవారితో సహా అందరూ మళ్లీ మొదటికి రావాలి. ఇటువంటి చోట తన జట్టువాని ఊపిరి ఎప్పుడు తెగుతుందో తెలిసినవాడే జంటగాయకుడు కాగలడు. మాధవపెద్ది, పిఠాపురం జంటకు అంత పేరు రావటంలో ఈ ఎరుకకు పెద్ద భాగమే ఉంది. ఇద్దరూ రంగస్థలం నుంచి వచ్చినవారే. ఇద్దరూ పద్యం మీద పెరిగినవారే. సత్యంగారిది మేఘగంభీరమైన గొంతు. వయసులో ఎనిమిదేళ్లు చిన్నవారైన నాగేశ్వరరావుది ఖంగుమనే గొంతు, పైశ్రుతిలో మరీ నిగ్గుతేలేది. ఒకటి మద్దెల, ఒకటి తాళం. రెండూ కలిసి మ్రోగితే జాతర కళ వచ్చేది.

ఈ జంట కీర్తికి శిఖరం 1962లో వచ్చిన కులగోత్రాలు. పేకాటలో ఉన్నదంతా పోగొట్టుకున్నవారి గోడును కొసరాజు రాఘవయ్యచౌదరి అచ్చమైన పల్లెపలుకుబడిలో పాటగా వ్రాయగా, సాలూరు రాజేశ్వరరావు వరస కట్టారు. జేబు ఖాళీ అయిన వాని ఏడుపును ఏడుపుగానే పాడితే నవ్వు రాదు. వెక్కిరింపుగా పాడితే జాలి పోతుంది. నాగేశ్వరరావు ఆ రెంటికీ నడుమ సన్నని గట్టు మీద నడిచారు. ఓడిపోయినవాని బేలతనమూ, మరొక్క ఆట ఆడితే తిరిగి వస్తుందేమోనన్న దురాశా ఒకే గొంతులో పలికాయి. పాట పుట్టి అరవై ఏళ్లు దాటినా, డబ్బు పోగొట్టుకున్న తెలుగువాని నోట ఆ పల్లవి రాకమానదు. అది కొసరాజు వ్రాశారని కొందరికి తెలుసు; పాడినవారెవరో చెప్పగలిగినవారు అంతకన్న తక్కువ.

1967లో ఆవేకళ్ళు చిత్రంలో ఘంటసాలతో కలిసి దెయ్యానికి జడిసే పల్లెపడుచు మీద ఒక పాట పాడారు. మహాగాయకుని ప్రక్కన నిలబడి, ఆయనకు అడ్డురాకుండా, తానూ మరుగున పడకుండా పాడటం సామాన్య విషయం కాదు. 1968లో లక్ష్మీనివాసంలోని సోడా పాటలో బజారు కేకను రాగంలో పెట్టారు. సోడాబండివాని కేకకూ పందిట్లో నటుని పద్యారంభానికీ ఉన్న దగ్గరి చుట్టరికం ఆ పాట విన్నప్పుడు బోధపడుతుంది. రెండింటికీ లక్ష్యం ఒకటే. దూరాన ఉన్నవాడు తలతిప్పి చూడాలి. తెలుగులోనే కాక తమిళ, కన్నడ చిత్రాలలోనూ ఆయన పాడారు. భాష మారినా వాటా మారలేదు. అక్కడా ఆయనకు చాలావరకు దక్కినవి నవ్వుల పాటలే.

1970లో భారత ప్రభుత్వం ఘంటసాలకు పద్మశ్రీ ఇచ్చింది. ఆ ఏడే హాస్యనటుడు రేలంగి వెంకట్రామయ్యకూ పద్మశ్రీ వచ్చింది. కథానాయకుని గొంతుకు గౌరవం దక్కింది. హాస్యగాని ముఖానికి గౌరవం దక్కింది. హాస్యగాని గొంతుకు మాత్రం ఎవరూ ఏదీ ఇవ్వలేదు. ఇది ఎవరూ పూనుకొని చేసిన అన్యాయం కాదు. లెక్కలో ఆ గడి లేదు, అంతే.

అప్పటికే కాలం మారుతూ ఉంది. 1966 డిసెంబరులో శ్రీశ్రీశ్రీ మర్యాదరామన్న చిత్రం కోసం ఎస్. పి. బాలసుబ్రహ్మణ్యం తొలి పాట పాడారు. ఆ చిత్రాన్ని నిర్మించినవారు హాస్యనటుడు పద్మనాభం కావటం ఒక చిత్రమైన యాదృచ్ఛికం. ఎందుకంటే హాస్యగాయకుల వృత్తిని ముగించినది ఆ యువకుని ప్రతిభే. ఆయన నటుని మాటతీరును పట్టి గొంతు మార్చుకునేవారు. అల్లు రామలింగయ్యకు అల్లు వలెనే, రాజబాబుకు రాజబాబు వలెనే పాడేవారు. నాయకునికీ హాస్యగానికీ ఒకే గాయకుడు చాలినప్పుడు రెండవవానిని పిలిచే అవసరం నిర్మాతకు లేదు. పాతతరం ముఖాలూ ఒక్కటొక్కటే మాయమైనాయి. 1974 ఫిబ్రవరిలో ఘంటసాల, ఆ సంవత్సరం చివర రమణారెడ్డి, 1975లో రేలంగి వెళ్లిపోయారు. 1983లో రాజబాబు నడివయసైనా దాటకుండానే పోయారు. చిత్రకథలో హాస్యగానికి ప్రత్యేకంగా ఒక పాట ఉండితీరాలన్న ఆచారమే క్రమేణా సడలింది. నాగేశ్వరరావుకు అప్పటికి యాభై ఏళ్లు. గొంతు చెడలేదు, ఆ గొంతు కోసం వ్రాసే పాటలు ఆగిపోయాయి.

ఆయన మద్రాసులో చేసినదాన్ని తూచేటప్పుడు పద్యాన్ని తలవక తప్పదు. పదహారేళ్లకే పందిరి చివరి దాకా వినిపించిన ఆ కంఠాన్ని, కృష్ణరాయబారమో వారణాసి ఘట్టమో పాడవలసిన ఆ ఊపిరిని, చిత్రసీమ మూడు నిమిషాల పాటల్లో ముక్కలు చేసి వాడుకుంది. కరుణ, వీరరసాలు పలికే అవకాశం ఆయనకు అరుదు. అయితే ఒక్క సంగతి మరువరాదు. పందిట్లో పద్యం పాడిన నటుల్లో నూటికి తొంభైమంది గొంతులు ఆ రాత్రితోనే గాలిలో కలిసిపోయాయి. ఈయన గొంతు రికార్డు మీద నిలిచింది.

పిఠాపురం నాగేశ్వరరావు 1996 మార్చి 5వ తేదీన కన్నుమూశారు. జంటగాయకుడు మాధవపెద్ది సత్యం ఆ తరువాత మరి నాలుగేళ్లు జీవించి 2000లో పరమపదించారు. కోటలో వీణ ఎన్నడో ఆగిపోయింది. సంక్రాంతి నాళ్లలో ఆ వైపు పల్లెల్లో పేకముక్కలు పరచిన అరుగుల మీద, రొక్కం పోయినవాడు లేచి కండువా దులుపుకునేటప్పుడు, ఆటగాళ్లలో ఎవరో ఒకరు కులగోత్రాల పాట ఎత్తుకుంటారు. మిగిలినవారు రెండవ గొంతు అందుకుంటారు.