నటనకు కొత్త అర్థం చెప్పిన బళ్ళారి రాఘవ

మన సంఘం ప్రత్యేక సంచికకు ఒక మహనీయుని జీవితం గురించి వ్రాయమని కార్యదర్శి గారు అడిగినప్పుడు నాకు వెంటనే తోచిన పేరు బళ్ళారి రాఘవ గారిది. అందుకు రెండు కారణాలు. మొదటిది, ఆయన నాటకాన్ని వృత్తిగా పెట్టుకున్నవారు కారు. పగలు కోర్టులో నల్లకోటు, రాత్రి రంగస్థలం మీద రంగు. మనలో ఎంతమంది ఆఫీసు వార్షికోత్సవాల్లో ముఖానికి రంగు వేసుకోలేదు! రెండవది, ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ తీరిక దొరకక, రిటైరైన తర్వాత హనుమకొండ రాజరాజ నరేంద్ర ఆంధ్ర భాషానిలయంలోనూ, మిత్రుల ఇళ్ళలోనూ నేను నాటకరంగం మీద పుస్తకాలు చదవసాగాను. ఆధునిక నాటకం గురించి చెప్పే ఏ తెలుగు పుస్తకం తెరిచినా రాఘవ గారి పేరు తప్పకుండా ఎదురయ్యేది.

రాఘవ గారి పూర్తి పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. 1880 ఆగస్టు 2న అనంతపురం జిల్లా తాడిపత్రిలో జన్మించారు. రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం గారు తమ నాటకాన్ని విద్యార్థుల చేత ఆడించి తెలుగు నాటక ప్రదర్శనకు నాంది పలికిన సంవత్సరం కూడా అదే. అంటే తెలుగు రంగస్థలమూ, రాఘవ గారూ ఒక ఈడువారు.

ఆయన మేనమామ ధర్మవరం రామకృష్ణమాచార్యులు గారు ఆంధ్ర నాటక పితామహుడని పేరు పొందినవారు. బళ్ళారిలో వకీలు. సరస వినోదిని సభ అనే సమాజాన్ని స్థాపించి, తాము వ్రాసిన నాటకాలను ఆడించారు. అదే ఊళ్ళో మరొక వకీలు కోలాచలం శ్రీనివాసరావు గారు సుమనోరమ సభను నడిపేవారు. ఒకే ఊళ్ళో ఇద్దరు వకీళ్ళు, రెండు సమాజాలు, రెండింటి మధ్య పోటీ. పిల్లవాడు రాఘవకు ఇంతకన్న మంచి బడి ఏముంటుంది? మద్రాసు క్రిస్టియన్ కళాశాలలో బి.ఏ. చదివి, తర్వాత న్యాయశాస్త్రం పూర్తి చేసి, బళ్ళారిలోనే ప్రాక్టీసు పెట్టారు. పబ్లిక్ ప్రాసిక్యూటర్‌గా కూడా పనిచేశారు.

ఆ రోజుల నాటకం ఎలా ఉండేదో మన పెద్దల నోట విన్నవాళ్ళం మనం. హార్మోనియం శ్రుతి అందుకోగానే నటుడు ముందుకు వచ్చి పద్యం ఎత్తుకునేవాడు. రాగం సాగదీసేవాడు. జనం వన్స్ మోర్ అంటే చచ్చిపడిన పాత్ర కూడా లేచి మళ్ళీ పాడేది. కొడుకు శవం ముందు ఏడ్చే తల్లి ఆ ఏడుపును పావుగంట రాగాలాపన చేస్తే అందులో దుఃఖం ఎంత మిగులుతుంది? రాఘవ గారు పట్టుకున్నది ఈ ప్రశ్ననే. పాట ఎక్కువై పాత్ర మాయమవుతోందని ఆయన అభిప్రాయం. పద్యాన్ని ఆయన మాట లాగా, భావం విరిగే చోట విరిచి, తగ్గించవలసిన చోట గొంతు తగ్గించి చెప్పేవారు. చూపు, మౌనం, నడక, ఇవన్నీ నటనే అని చూపించారు.

రష్యాలో స్తానిస్లావ్‌స్కీ మాస్కో ఆర్ట్ థియేటర్‌ను స్థాపించినది 1898లో. నటుడు పాత్ర లోపలి నుంచి రావాలి అన్న ఆయన పద్ధతి పుస్తకంగా ఇంగ్లీషులో వచ్చినది 1936లో. అప్పటికే రాఘవ గారు నటునిగా ఎంతో పేరు సంపాదించి ఉన్నారు. ఆ పుస్తకం చదివిన మన బోటివారికి, ఇక్కడ బళ్ళారిలో ఒక వకీలు తన అనుభవంతోనే దాదాపు అదే దారిలో నడిచాడే అని ఆశ్చర్యం కలగక మానదు.

ఆయన ప్రసిద్ధ పాత్రలు హిరణ్యకశిపుడు, దుర్యోధనుడు, హరిశ్చంద్రుడు, కోలాచలం వారి రామరాజు చరిత్రలో పఠాన్ రుస్తుం. 1565లో విజయనగరం కూలిపోయిన కథ అది. రాఘవ గారి ప్రత్యేకత ఏమిటంటే, ప్రేక్షకుడు అసహ్యించుకోవడానికి సిద్ధపడి వచ్చిన పాత్రలో కూడా ఒక మనిషిని చూపించేవారు. హిరణ్యకశిపుడు కేకలు వేసే రాక్షసుడు కాడు, తన మాట కాదన్న కొడుకును చూసి లోపల నలిగిపోయే తండ్రి కూడా. షేక్స్‌పియర్ పాత్రల్లో షైలాకు, ఒథెల్లో, హామ్లెట్ ఆయనకు పేరు తెచ్చాయి. తెలుగు, కన్నడం, ఇంగ్లీషు, హిందీ భాషల్లో నటించారు. 1927లో గాంధీ మహాత్ముడు బెంగుళూరు ప్రాంతంలో విశ్రాంతి తీసుకుంటున్నప్పుడు ఆయన ఎదుట దీనబంధు కబీర్ నాటకాన్ని హిందీలో ప్రదర్శించారు. 1928లో ఇంగ్లండు వెళ్ళి అక్కడి నాటకాలు చూశారు, బెర్నార్డ్ షాను కలుసుకున్నారు.

ఇక నా దృష్టిలో అన్నిటికన్నా పెద్ద విషయం, స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించాలని ఆయన పట్టుబట్టడం. స్థానం నరసింహారావు గారి వంటి మహానటుల చేతిలో మగవారు ఆడవేషం వేయడం ఒక గొప్ప కళ అయింది. ఆ కళను ఎవరూ తక్కువ చేయలేరు. కాని సంసారపక్షపు స్త్రీ రంగస్థలం ఎక్కితే కుటుంబం పరువు పోతుందని భావించే కాలమది. ఆ రోజుల్లో కొమ్మూరి పద్మావతీదేవి గారి వంటి విద్యావంతులైన స్త్రీలు రాఘవ గారి సరసన నటించారు. పి.వి. రాజమన్నార్ గారి తప్పెవరిది నాటకాన్ని 1930 ప్రాంతంలో ఆయన రంగస్థలం మీదికి తెచ్చారు. దేవతలూ రాజులూ లేని నాటకం అది. మన ఇళ్ళలో భార్యాభర్తల మధ్య నడిచే విషయం. నార్వే దేశంలో ఇబ్సెన్ 1879లో తన నాటకంలో వేసిన ప్రశ్న, యాభై ఏళ్ళ తర్వాత తెలుగు వేదిక మీద మన భాషలో వినబడింది. ఆ రాజమన్నార్ గారే తర్వాత మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయ్యారు, 1953లో ఏర్పడిన సంగీత నాటక అకాడమీకి మొదటి అధ్యక్షులు కూడా.

ఇది ఎంత కష్టమైన పనో నాకు స్వయంగా తెలిసిన సంగతి ఒకటి చెబుతాను. నేను 1973లో ఉద్యోగంలో చేరాను. తర్వాత రెండేళ్ళకు మా ఆఫీసు క్లబ్బు ఒక నాటిక వేయ తలపెట్టింది. టైపిస్టుగా పనిచేసే ఒక అమ్మాయి కథానాయిక పాత్రకు ఒప్పుకుని పది రోజులు రిహార్సల్సుకు వచ్చింది. ఎంత సహజంగా చేసేదో! ఇంతలో క్యాంటీనులో గుసగుసలు మొదలయ్యాయి. అవి వాళ్ళ ఇంటిదాకా వెళ్ళాయి. పదకొండో రోజు ఆమె రాలేదు. చివరకు మా గుమాస్తా ఒకాయన మీసం తీయించుకుని చీర కట్టాడు. జనం బాగా నవ్వారు, కాని అది నవ్వవలసిన నాటిక కాదు. రాఘవ గారు ఆ పని తలపెట్టినది అంతకు దాదాపు అర్ధశతాబ్దం ముందు! ఆయన ధైర్యం ఎంతటిదో నాకు ఆ రోజున అర్థమైంది.

మన ఓరుగల్లు ప్రాంతపు పరిస్థితి వేరు. నిజాం పాలనలో 1929 నాటి గస్తీ నిషాన్ 53 వల్ల సభ పెట్టుకోవాలన్నా ముందుగా అనుమతి కావలసివచ్చేది. అటువంటి చోట కొత్త తరహా నాటకం వేళ్ళూనడానికి సమయం పట్టింది. అయినా ఆ తర్వాత మన జిల్లాలో బడి వార్షికోత్సవాల నుంచి ఉద్యోగ సంఘాల వేదికల దాకా సాంఘిక నాటికలు ఆడిన వారందరూ, తెలిసినా తెలియకపోయినా, రాఘవ గారు వేసిన బాటలోనే నడిచారు.

సినిమాల్లో ఆయన నటించినవి కొద్దే. ద్రౌపదీ మానసంరక్షణము (1936), గూడవల్లి రామబ్రహ్మం గారి రైతుబిడ్డ (1939), చండిక (1940). రైతుబిడ్డ జమీందారుల ఆగ్రహానికి గురైన చిత్రం. తాను నటించిన నాటకాల రాబడిని మంచి పనులకు ఇచ్చివేయడం ఆయనకు అలవాటు.

1946 ఏప్రిల్ 16న రాఘవ గారు కన్నుమూశారు. వీరేశలింగం గారు పుట్టినది కూడా 1848లో అదే తేదీన. ఆ రోజును తెలుగు నాటకరంగ దినోత్సవంగా జరుపుకుంటున్నాము. 1953లో బళ్ళారి మైసూరు రాష్ట్రంలో కలిసింది. అయినా ఆ ఊళ్ళో ఆయన పేరిట రాఘవ కళామందిరం నిలిచి ఉంది. 1981లో భారత తపాలా శాఖ ఆయన బిళ్ళను విడుదల చేసింది.

చివరగా సభ్యులకు ఒక మనవి. డిసెంబరు 17న పింఛనుదారుల దినోత్సవం జరుపుకుంటాము. ప్రసంగాలు, శాలువాలు, భోజనాలు ఎలాగూ ఉంటాయి. ఈసారి ఒక చిన్న ఏకాంకిక కూడా వేద్దాము. వయసు మీరిన పాత్రలకు మనకన్నా తగినవారు ఎవరున్నారు? స్త్రీ పాత్రలకు మన సంఘంలోని సోదరీమణులనే సగౌరవంగా పిలుద్దాము. ఒకనాడు రిహార్సల్సు మధ్యలో మానుకోవలసి వచ్చిన అమ్మాయిల వంటివారు మన సభ్యుల్లోనూ, మన ఇళ్ళలోనూ ఉండే ఉంటారు. వారికి ఇప్పుడైనా వేదిక ఇస్తే, రాఘవ గారికి మనం చేయగల నివాళి అదే అవుతుంది.