కాన్ స్మైత్

కెనడా దేశమున శీతకాలమందు చెరువులు గడ్డకట్టి రాతినేలవలె గట్టిపడును. అచ్చటి బాలురు ఉక్కు పలకలు బిగించిన బూట్లు తొడిగికొని ఆ మంచుపై గాలివలె జాఱుచు హాకీ ఆడుదురు. మన హాకీలో బంతి యుండును. ఆ హాకీలో రబ్బరుతో చేసిన చదునైన బిళ్ళ యుండును. జట్టునకు ఆర్గురే ఆటగాండ్రు. ఈ యాటలో విద్యార్థిగా విజేతయై, పిదప ఇసుక వ్యాపారియై, తుదకు ఆ యాటకే గొప్ప భవనమును కట్టించినవాడు కాన్ స్మైత్.

అతడు 1895వ సంవత్సరము ఫిబ్రవరి 1వ తేదీన టొరాంటో నగరమున జన్మించెను. తండ్రి ఆల్బర్టు స్మైత్ ఐర్లండునుండి వలస వచ్చిన పత్రికా రచయిత. మద్రాసు చెంత అడయారులో ప్రధాన స్థానము గల దివ్యజ్ఞాన సమాజమునకు కెనడాలో అతడు ముఖ్యుడు. ఇంట కలిమి లేదు. తల్లి కాన్ బాల్యముననే గతించెను. కాన్ పొట్టివాడు, కాని పట్టుదలలో ఎవరికిని తీసిపోడు. కళాశాల చదువు రుచింపక ఉత్తరపు అడవులలో సేద్యమునకై పోయి, ఒక వేసవియంతయు శ్రమించి ఇల్లు కట్టుకొనెను. అది అగ్నికి ఆహుతి కాగా, మరల వచ్చి ఇంజనీరింగు చదువులో చేరెను.

టొరాంటో విశ్వవిద్యాలయపు జట్టునకు అతడు నాయకుడు. 1914లో ఆ జట్టు ఆంటేరియో రాష్ట్రపు జూనియరు పోటీలలో తుది ఆటవఱకు పోయి ఓడెను, 1915లో గెలిచెను. ఆ యాటకు వారికి ఒక్క కాసైనను ముట్టలేదు. గెలిచిన కొలది దినములకే కాన్, తోడి ఆటగాండ్రు సైన్యమున చేరిరి. ప్రథమ ప్రపంచ యుద్ధమున అతడు సాహసమునకు మిలిటరీ క్రాస్ పతకమును పొందెను. పిదప వైమానిక దళమున చేరగా, 1917 అక్టోబరులో శత్రువులు అతని విమానమును కూల్చిరి. యుద్ధము ముగియువఱకు జర్మనీలో బందీగా నుండెను.

తిరిగి వచ్చి 1920లో పట్టము పొంది, ఇసుక, కంకర అమ్ము వ్యాపారము ప్రారంభించెను. సాయంకాలములందు హాకీ జట్లకు శిక్షణ నిచ్చుచుండెను. 1926లో న్యూయార్కువారు తమ క్రొత్త జట్టగు రేంజర్సును కూర్చుటకై అతనిని నియమించిరి. అతడు ఏరి కోరి ఆటగాండ్రను చేర్చెను. అయినను పోటీలు ప్రారంభము కాకముందే వారతనిని తొలగించిరి. అతడు కూర్చిన ఆ జట్టే 1928లో స్టాన్లీ కప్పును గెలుచుకొనెను! ఈ యవమానము అతని మనస్సున ముల్లువలె నాటుకొనెను. 1927లో అతడు మఱికొందఱితో కలిసి, అమ్మకమునకు వచ్చిన టొరాంటో జట్టును 1,60,000 డాలర్లకు కొని, దానికి మేపుల్ లీఫ్స్ అని పేరు పెట్టెను. మేపుల్ చెట్టు ఆకు కెనడా సైనికులు యుద్ధమున ధరించిన చిహ్నము.

1930లో కింగ్ క్లాన్సీ యను ప్రసిద్ధుని కొనుటకు 35,000 డాలర్లును, ఇద్దఱు ఆటగాండ్రును ఈయవలసి వచ్చెను. గుఱ్ఱపు పందెములో తన గుఱ్ఱము గెలువగా వచ్చిన ధనమును కూడ స్మైత్ ఇందుకు వెచ్చించెను. అదృష్టము కలసివచ్చినది కాని, ఇది అనుకరింపదగిన మార్గము కాదు.

పాత క్రీడాభవనము ఇఱుకైనది. అందు సుమారు 8,000 మందికే చోటు. ఆట గెలిచినను ఖర్చులు గిట్టుబాటు కాని స్థితి. క్రొత్త భవనము కట్టింప నెంచిన సమయమో, మిక్కిలి గడ్డుది. ప్రపంచమంతట ఆర్థిక మాంద్యము వ్యాపించెను. కార్మికులు పనులు లేక వీధులలో తిరుగుచుండిరి. ధనికులను, బ్యాంకులను ఆశ్రయించినను లక్షల డాలర్లు తక్కువయ్యెను. ఇక పని మానుకొనక తప్పదని తోచినప్పుడు అతని సహచరుడు ఫ్రాంక్ సెల్కీ కార్మిక సంఘముల నాయకులను కలిసికొనెను. సెల్కీ స్వయముగా విద్యుత్తు పనివాడు. కార్మికులు అతనిని నమ్మిరి. కూలిలో నూటికి 20 వంతులు రొక్కముగా గాక భవనపు వాటాలుగా పుచ్చుకొనుటకు ఒప్పుకొనిరి. ఆ వార్త విని బ్యాంకువారును మెత్తబడిరి. పని లేని పస్తుకన్న కొంత కూలి మేలని కొందఱు ఒప్పుకొనియుందురు. ఆ వాటా కాగితముల విలువ అప్పటికి ఎవరెఱుగుదురు? కొందఱు వానిని కారుచౌకగా అమ్ముకొనిరి. దాచుకొన్నవారికి తరువాత మంచి లాభము కలిగెను.

1931 జూన్ 1వ తేదీన పని మొదలయ్యెను. నవంబరు 12వ తేదీన మేపుల్ లీఫ్ గార్డెన్స్ తెఱవబడెను. అయిదున్నర నెలలలో అంతటి కట్టడము లేచుట చూచి నగరము విస్తుపోయెను. తొలి రాత్రి 13,000 మందికి పైగా వచ్చిరి. ఆ యాటలో మాత్రము షికాగో జట్టు 2-1తో గెలిచెను! అయినను 1932లో స్టాన్లీ కప్పు టొరాంటోకు దక్కెను. 1951 నాటికి ఏడు పర్యాయములు దక్కెను.

రెండవ ప్రపంచ యుద్ధమున, వయస్సు మీఱినను స్మైత్ మరల సైన్యమున చేరెను. 1944లో ఫ్రాన్సున తీవ్రముగా గాయపడి, జీవితాంతము కుంటుచు నడిచెను. అతనిది కఠిన స్వభావము. ఆటగాండ్రు తమ హక్కులకై 1957లో సంఘము పెట్టుకొనగా అతడు సహింపలేదు. అందు పాల్గొన్న తన జట్టు నాయకుడు జిమ్మీ థామ్సన్‌ను మఱియొక జట్టునకు పంపివేసెను. కార్మికుల వాటాలతో భవనము కట్టిన వానికి ఇది తగదని తోచక మానదు. మఱియొక వంక, అంగవైకల్యము గల పిల్లల సేవకై అతడు ఎంతయో శ్రమించెను.

1961లో జట్టుపై తన అధికారమును కుమారునికి, అతని భాగస్వాములకు అమ్మివేసి, 1980 నవంబరు 18వ తేదీన మరణించెను. తుది పోటీలలో అత్యుత్తమ ఆటగానికి 1965 నుండి ఇచ్చుచున్న బహుమతికి అతని పేరే. 1999లో మేపుల్ లీఫ్స్ వేఱొక భవనమునకు తరలిపోయెను. పాత భవనపు క్రింది అంతస్తున ఇప్పుడు పెద్ద అంగడి యున్నది. పైన, ఆ కప్పు క్రిందనే, మంచు పఱచిన ఆటస్థలమున విశ్వవిద్యాలయ విద్యార్థులు హాకీ ఆడుచున్నారు.