ప్రసంగించలేనని వేదిక వదిలిన సేవకుడు

మిషనరీల జీవితాలు, గొప్ప ప్రసంగీకుల జీవితాలు ఈ పేజీలో తరచుగా రాస్తుంటాము. ఈ వారం ఒక ఆటల మాస్టారి గురించి రాస్తున్నాము. ఆయన పేరు ఆమోస్ అలోంజో స్టాగ్, అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్. మన ఊళ్లలో ఆడే ఫుట్‌బాల్ కాదది. కోలగా ఉండే బంతిని చంకన పెట్టుకుని పరుగెత్తుతూ, అడ్డొచ్చినవారిని పడదోసే మోటు ఆట. ఆ రోజుల్లో అమెరికా సంఘాల్లోనూ దాన్ని ఇష్టపడనివారు చాలామందే ఉండేవారు.

స్టాగ్ 1862 ఆగస్టు 16న న్యూజెర్సీ రాష్ట్రంలోని వెస్ట్ ఆరెంజ్‌లో పుట్టారు. తండ్రి చెప్పులు కుట్టి ఇల్లు గడిపేవాడు. పాస్టరు కావాలన్న కోరికతో స్టాగ్ యేల్ విశ్వవిద్యాలయంలో చేరారు. అద్దెకు, తిండికి చాలీచాలని డబ్బుతో చదువు సాగించారు. అప్పట్లో ఆయన బేస్‌బాల్‌లో పేరున్న బౌలరు. వృత్తి జట్లు మంచి జీతం ఇస్తామన్నా, ఆ మైదానాల్లోని తాగుడు వాతావరణం నచ్చక వెళ్లలేదు.

తీరా వేదాంత విద్యలో అడుగుపెట్టాక నలుగురి ముందు నిలబడి ధారాళంగా మాట్లాడడం తనకు చేతకాదని తెలిసింది. మన సెమినరీల్లోనూ ఇలాంటి యువకులు ఉంటారు. చాలామంది సిగ్గుపడి, పిలుపే లేదనుకుని ఇంటికి వెళ్లిపోతారు. స్టాగ్ మాత్రం 1890లో స్ప్రింగ్‌ఫీల్డ్‌లోని వై.ఎం.సి.ఏ. శిక్షణ పాఠశాలకు వెళ్లారు. పిల్లలను క్రీస్తు మార్గంలో పెంచడానికి ఆటస్థలమూ ఒక వేదికే అనుకున్నారు. వేదాంతం చదివి వచ్చిన జేమ్స్ నైస్మిత్ కూడా అక్కడే ఉన్నారు. ఆయన 1891లో బాస్కెట్‌బాల్ కనిపెట్టారు. మరుసటి సంవత్సరం జనం ముందు జరిగిన మొదటి పోటీలో విద్యార్థులు ఉపాధ్యాయులను 5–1తో ఓడించారు. ఉపాధ్యాయులకు వచ్చిన ఆ ఒక్క పాయింటు స్టాగ్ వేసినదే. అన్నట్టు, 1920లో మద్రాసులో వై.ఎం.సి.ఏ. వ్యాయామ కళాశాల స్థాపించిన హ్యారీ బక్ కూడా స్ప్రింగ్‌ఫీల్డ్‌లో చదువుకున్నవారే.

1892లో కొత్తగా మొదలైన షికాగో విశ్వవిద్యాలయానికి, యేల్‌లో తనకు గురువైన విలియం హార్పర్ ఆయనను పిలిపించుకున్నారు. అక్కడ 41 సంవత్సరాలు పనిచేశారు. బూతుమాట ఎరుగని కోచ్ అని పేరు తెచ్చుకున్నారు. ఆయన జట్టు 1905లో దేశంలోకెల్లా మేటి అనిపించుకుంది. అయితే చదువులో వెనుకబడిన ఆటగాళ్లను ఆట కోసమే కాలేజీలో ఉంచుకుంటున్నారని పత్రికలు విమర్శించిన కాలం కూడా అదే. అందులో నిజం లేకపోలేదు. గెలుపు మీది ఆశ భక్తిపరులనూ వదలదు.

70 ఏళ్లు నిండగానే విశ్వవిద్యాలయం ఆయనను కోచ్ పదవి నుంచి తప్పించింది. గౌరవంగా కూర్చోబెట్టే మరో పదవి ఇస్తామంది. ఆయన వద్దని, 1933లో భార్య స్టెల్లాతో కాలిఫోర్నియాలోని స్టాక్టన్‌కు వెళ్లి, మెథడిస్టులు స్థాపించిన కాలేజ్ ఆఫ్ ద పసిఫిక్ అనే చిన్న కాలేజీలో చేరారు. మా దృష్టిలో ఆయన జీవితంలో చూడదగిన భాగం ఇక్కడే మొదలవుతుంది. అక్కడి 14 ఏళ్లలో గెలిచిన ఆటలకంటే ఓడినవే ఎక్కువ. అయినా 1938లో ఆ చిన్న జట్టు షికాగోకు వెళ్లి, ఆయన పేరు పెట్టిన మైదానంలోనే షికాగోను 32–0తో ఓడించింది. ఆ మరుసటి ఏడాదే షికాగో ఫుట్‌బాల్ మానేసింది. 1942లో శాస్త్రవేత్తలు మొదటి అణు రియాక్టరును నడిపింది ఆ మైదానపు గ్యాలరీ కిందే. 1943లో, 81 ఏళ్ల వయసులో, తోటి కోచ్‌లు ఆయనను ఆ సంవత్సరపు ఉత్తమ కోచ్‌గా ఎన్నుకున్నారు.

మూడేళ్లకు ఆ కాలేజీ కూడా ఇక చాలంది. అప్పుడాయనకు 84. పెన్సిల్వేనియాలో లూథరన్లు స్థాపించిన సస్క్వెహానా అనే చిన్న కాలేజీలో కొడుకు కోచ్‌గా ఉన్నాడు. తండ్రి వెళ్లి అతని పక్కన పనికి కుదిరారు. దేశమంతా ఎరిగిన మనిషి, కొడుకు పర్యవేక్షించే మైదానంలో ఆరేళ్లు పనిచేశారు. మన సంఘాల్లో పాస్టరుగారు రిటైరయ్యాక కొత్త పాస్టరుకు ఎదురయ్యే ఇబ్బందులు పాఠకులకు తెలుసు, వివరించనక్కరలేదు. 1951లో ఆ జట్టు ఒక్క ఆటా ఓడలేదు.

ఏళ్ల తరబడి ఆటల వివరాలు రాసిపెట్టి, ప్రత్యర్థి జట్లను గమనించి సాయపడిన స్టెల్లా ఆరోగ్యం దెబ్బతినడంతో తిరిగి స్టాక్టన్ చేరారు. అక్కడి జూనియర్ కాలేజీ పిల్లలకు బంతి తన్నడం నేర్పుతూ 96 ఏళ్ల వరకు మైదానానికి వెళ్లారు. 1964లో స్టెల్లా, 1965 మార్చి 17న 102 ఏళ్ల వయసులో ఆయన కన్నుమూశారు. ఆట ఆడినందుకు విద్యార్థులకు స్కాలర్‌షిప్ ఇవ్వని చిన్న కాలేజీల మధ్య అమెరికాలో ఏటా జరిగే ఫుట్‌బాల్ చాంపియన్‌షిప్ ఫైనల్‌ను స్టాగ్ బౌల్ అంటారు.