వెండితెరపై ద్వారకను నిలిపిన కళాదర్శకులు మాధవపెద్ది గోఖలే

నిజామాబాద్: మహాభారతంలోని ఏకచక్రపురం బోధనేనని, భీమసేనుడు బకాసురుని సంహరించినది ఇచ్చటనేనని ఈ ప్రాంత ప్రజల విశ్వాసం. ఆ భీముని తనయుడైన ఘటోత్కచుని తెలుగువారి ఇంటింటికీ ఆత్మీయుని చేసిన చిత్రం 1957 మార్చి 27న విడుదలైన మాయాబజార్. ఆ చిత్రంలో నటించినవారి పేర్లు అందరికీ తెలిసినవే. అందలి ద్వారకను, మాయానగరిని తెరపై నిలిపిన కళాదర్శకులు స్వర్గీయ మాధవపెద్ది గోఖలే పేరు మాత్రం అంతగా ప్రచారానికి నోచుకోలేదు.

గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరులో 1917లో జన్మించిన గోఖలే, మద్రాసు చిత్రకళా పాఠశాలలో ప్రఖ్యాత శిల్పి, చిత్రకారులు దేవీప్రసాద్ రాయ్ చౌదరి వద్ద శిక్షణ పొందారు. ప్రజాశక్తి పత్రికలో పనిచేశారు. మా. గోఖలే పేరుతో పల్లెల్లోని పేదల బ్రతుకులను చిత్రిస్తూ కథలు రచించి కథకులుగానూ గుర్తింపు పొందారు. సామాన్యుల ఇళ్ళను, పనిముట్లను, కట్టుబొట్టులను నిశితంగా పరిశీలించే కథకుని దృష్టి కళాదర్శకునికి సైతం అత్యావశ్యకం. ఆ రెండూ ఒకే వ్యక్తిలో మూర్తీభవించడం తెలుగు చిత్రసీమకు లభించిన అదృష్టం.

నాగిరెడ్డి, చక్రపాణి నెలకొల్పిన విజయా సంస్థ చిత్రాలకు గోఖలే, కళాధర్ సంయుక్తంగా కళాదర్శకత్వం వహించారు. 1951లో వచ్చిన పాతాళభైరవి, 1955లో వచ్చిన మిస్సమ్మ, 1961లో వచ్చిన జగదేకవీరుని కథ, 1962లో వచ్చిన గుండమ్మ కథ వాటిలో ముఖ్యమైనవి. మాంత్రికుని గుహ మొదలు మధ్యతరగతి లోగిలి వరకు ప్రతి దృశ్యంలోనూ పాత్రల స్థితిగతులకు అనువైన పరిసరాలను కల్పించడం వీరి ప్రత్యేకత.

వీరి ప్రతిభకు పరాకాష్ఠ మాయాబజార్. కె.వి. రెడ్డి దర్శకత్వంలో రూపొందిన ఈ చిత్రానికి ద్వారకా నగరాన్ని 50 అడుగుల పొడవు, 60 అడుగుల వెడల్పు గల స్థలంలో నమూనాగా నిర్మించారు. సుమారు 300 చిన్న చిన్న భవనాలను చేతిపనితో తీర్చిదిద్ది, వాటికి విద్యుద్దీపాలు అమర్చారు. ఛాయాగ్రాహకులు మార్కస్ బార్ట్లే వెలుగునీడల నైపుణ్యం తోడు కాగా, ఆ బొమ్మల కొలువు ప్రేక్షకుల కన్నులకు మహానగరమై సాక్షాత్కరించింది. నేటి కంప్యూటర్ సాంకేతికత ఊహకైనా అందని ఆ రోజులలో ఇదంతా కొయ్య, రంగు, దీపం, మానవ హస్తం సాధించిన అద్భుతం. పాత్రల వేషధారణకు సైతం గోఖలే ముందుగా రేఖాచిత్రాలు గీసేవారు.

ఈ ఘనత ఒక్కరిది కాదు. వడ్రంగులు, రంగులు వేసేవారు, దీపాల పనివారు కలిసి సుమారు 400 మంది ఈ చిత్రానికి శ్రమించారు. కథలో ఘటోత్కచుని అనుచరులు అడవి నడుమ రాత్రికి రాత్రే మాయానగరిని వెలయింపజేయగా, స్టూడియోలో ఆ మాయను నిజం చేసినవారు ఈ కార్మికులే. వారిలో అత్యధికుల పేర్లు తెరపైకి ఎక్కలేదు.

చిత్రీకరణ ముగియగానే సెట్టును విప్పివేయడం స్టూడియోల ఆనవాయితీ. కవి కావ్యం, శిల్పి విగ్రహం కలకాలం నిలువగా, కళాదర్శకుని సృష్టికి ఫిల్ముపై ముద్రితమైన నీడ ఒక్కటే మిగులుతుంది. మాయాబజార్ వెలువడే నాటికి రాష్ట్ర ప్రభుత్వ నంది పురస్కారాలు సైతం లేవు. అవి 1964లో ప్రారంభమయ్యాయి.

గోఖలే 1981లో పరమపదించారు. 2010 జనవరి 30న మాయాబజార్ రంగుల హంగులతో తిరిగి విడుదలై, ఆ ద్వారకను కొత్త తరానికి పరిచయం చేసింది. 2013లో ఒక జాతీయ వార్తా ఛానల్ నిర్వహించిన ప్రేక్షకాభిప్రాయ సేకరణలో ఆ చిత్రం భారతీయ చిత్రాలలో అగ్రస్థానం పొందింది. పాత చిత్రాలను భద్రపరచేటప్పుడు వాటి కళాదర్శకుల రేఖాచిత్రాలను, నమూనాలను, పనివారి వివరాలను కూడా సేకరించి పదిలపరచడమే ఆ మహనీయునికి అర్పించదగిన నిజమైన నివాళి.

- పౌరసంబంధాల అధికారి, నిజామాబాద్